ఏరోప్రెస్‌కు వాల్వు మూత తగిలిస్తే ఎస్‌ప్రెస్సో వస్తుందా? వాడినవాళ్ళు చెప్పండి

బైరాగిపట్టెడ_కుర్రోడు
సోమవారం, ఉదయం 7:40

అందరికీ నమస్తే. బెంగుళూరులో నాలుగేళ్ళు ఉండి, పోయిన ఉగాదికి మూటాముల్లె సర్దుకుని తిరుపతి వచ్చేసినా. ఇంటి నుంచే పని. అక్కడ ఆఫీసులో ఎస్‌ప్రెస్సో మిషను ఉండేది, రోజుకు రెండు చిన్న కప్పులు అలవాటయిపోయినాయి. ఇక్కడ పొద్దున మా అమ్మ ఫిల్టర్ కాఫీ ఉండాది, దానికి వంక పెట్టేవాడు మా వీధిలో లేడు. కానీ సాయంత్రం నాలుగయ్యేసరికి చిన్న కప్పులో చిక్కగా, నాలిక మీద కాసేపు నిలబడే కాఫీ కోసం ప్రాణం లాగుతుంది.

మిషను కొనే డబ్బుల్లేవు. కొన్నా పెట్టే చోటు లేదు, గ్రైండరుకూ స్టవ్వుకూ మధ్య ఎంత జాగా ఉందో అమ్మ జానతో కొలిచి మరీ చూపించింది. చేతిలో ఉండేది పాత ఏరోప్రెస్ ఒకటి, అదే, గొట్టంలో పొడీ నీళ్ళూ వేసి పైనుంచి ఇంకో గొట్టంతో చేత్తో నొక్కితే, కింద మూతలోని ఫిల్టరులోంచి కాఫీ దిగేది. పొడి 15 గ్రాములు, నీళ్ళు 200 మి.లీ. పోసి చేస్తా ఉండా. బాగానే ఉంటుంది గానీ ఎస్‌ప్రెస్సో కాదు. కొంచెం చిక్కటి టీ అనుకోండి. నీళ్ళు తగ్గిద్దామంటే నేను కలిపేలోపే సగం కిందికి కారిపోతుంది.

ఇప్పుడు దీనికి వాల్వు ఉండే మూతలు వస్తా ఉండాయి, ఫెలో వాళ్ళ ప్రిస్మో ఒకటి, ఏరోప్రెస్ వాళ్ళదే ఫ్లో కంట్రోల్ మూత ఒకటి. స్టీలు ఫిల్టర్లు వేరే. వీటిలో ఏది కొంటే ఎస్‌ప్రెస్సో వస్తుంది? అసలు వస్తుందా? డబ్బులు పెట్టే ముందు అడుగుతా ఉండా.

డబరాగ్లాసు_తాత
సోమవారం, ఉదయం 8:05

నాయనా, నలభై ఏళ్ళుగా మా ఇంట్లో ఇత్తడి ఫిల్టరు. రాత్రి పొడి వేసి నీళ్ళు పోసి పడుకుంటే తెల్లారేసరికి డికాషన్ సిద్ధం. తోసేది లేదు, నొక్కేది లేదు. భూమ్యాకర్షణకు కరెంటు బిల్లు రాదు.

కాణిపాకం_క్యాపచ్చినో
సోమవారం, ఉదయం 8:11

తాతా, అతను అడిగింది అది కాదు గదా 🙂

తమ్ముడూ, కళ్ళు మూసుకుని ప్రిస్మో కొను. నా ఫ్రెండు దగ్గర చూసినా, పైన బంగారు రంగులో వేలెడు మందం నురుగు, క్రెమా అంటారే, అది. మిషను ఎందుకు దండగ.

మోకా_మామ
సోమవారం, ఉదయం 9:30

ఈ తలనొప్పి లేకుండా మోకా పాట్ తెచ్చుకోవచ్చు. 1933 నుంచి ఇటలీ ఇళ్ళల్లో పొద్దున పొయ్యి మీద ఉండేది అదే. ఆవిరి ఒత్తిడితో కాఫీ పైకి వస్తుంది, మన డికాషన్ కంటే ఘాటు, పాలకు బ్రహ్మాండంగా తట్టుకుంటుంది. ఇండక్షన్ స్టవ్వయితే స్టీలుది చూసుకోవాలి, అల్యూమినియంది పనిచెయ్యదు.

పీబెర్రీ_పిన్ని
సోమవారం, మధ్యాహ్నం 2:20

నాది మదనపల్లె. ఏరోప్రెస్ వాడబట్టి ఆరేళ్ళు. నువ్వు చెప్పిన రెండు మూతలూ మా ఇంట్లో ఉన్నాయి, ఒకటి కొన్నది, ఒకటి మా చెల్లెలు అమెరికా నుంచి తెచ్చింది. నాకు తెలిసింది చెప్తాను, కాస్త పెద్దదే.

మామూలు మూతకు చిల్లులు ఉంటాయి, నీళ్ళు పోసీ పొయ్యగానే కారడం మొదలవుతుంది. అందుకే కొందరు దాన్ని తలకిందులు పెట్టి చేస్తారు. తలకిందుల పద్ధతిలో 95 డిగ్రీల నీళ్ళను గాల్లో తిరగెయ్యాలి. మా ఆయన ఒకసారి తిరగేశాడు, ఆ తర్వాత మా ఇంట్లో ఆ పద్ధతి నిషేధం. వాల్వు మూతలో చిల్లుల బదులు మధ్యలో చిన్న సిలికాన్ వాల్వు ఉంటుంది. పైనుంచి గట్టిగా నొక్కితేగానీ అది తెరుచుకోదు. కాబట్టి 50, 60 మి.లీ. నీళ్ళు పోసినా అక్కడే నిలబడి పొడిలో నానుతాయి. తక్కువ నీళ్ళు, సన్నటి పొడి, ఎంతసేపు కావాలంటే అంతసేపు నానబెట్టడం. మూత ఇచ్చే లాభమల్లా ఇదే, కానీ ఇది చిన్న లాభం కాదు.

రెండింటికీ తేడా ఏమంటే, ప్రిస్మోతో దాని స్టీలు ఫిల్టరు వస్తుంది, చుట్టూ రబ్బరు అంచుతో. కాగితం లేకుండానే పనవుతుంది. ఫ్లో కంట్రోల్ మూతలో నీ దగ్గర ఉండే మామూలు కాగితమే వేసుకోవాలి. స్టీలుతో నూనెలు దిగుతాయి, నోట్లో బరువుగా ఉంటుంది, కప్పు అడుగున కాస్త మడ్డి కూడా ఉంటుంది. కాగితంతో శుభ్రంగా, తేటగా వస్తుంది. నేను స్టీలు ఫిల్టరు కింద తడిపిన కాగితం ఒకటి వేస్తాను. మడ్డి ఆగిపోతుంది, బరువు కొంత మిగులుతుంది.

ఎస్‌ప్రెస్సో అవుతుందా అంటే, నేను దాన్ని ఆ పేరుతో పిలవను. ఎందుకో మాష్టారు వచ్చి చెప్తారు, ఆయన ఈ దారం చూడకుండా ఉండలేరు.

లెక్కలమాష్టారు_చిత్తూరు
సోమవారం, రాత్రి 9:15

పిన్ని గారూ, చూశాను 🙂

ఎస్‌ప్రెస్సోకు ఇటలీ వాళ్ళు రాసిపెట్టుకున్న కొలత ఉంది. పొడి 7 గ్రాములు, కప్పులోకి దిగేది 25 మి.లీ., సమయం 25 సెకన్లు, ఒత్తిడి 9 బార్. కొద్దిగా అటూ ఇటూ. ఇప్పుడు కెఫేల్లో పొడి రెట్టింపు దాటి వేస్తున్నారు, కానీ ఆ 9 బార్ మాత్రం ఇంచుమించు అలాగే ఉంది. ఒక బార్ అంటే చదరపు సెంటీమీటరు మీద సుమారు ఒక కిలో బరువు.

నా ఏరోప్రెస్ గొట్టానికి స్కేలు పెట్టి చూశాను. లోపలి వ్యాసం దాదాపు 6 సెం.మీ. వైశాల్యం కడితే 28 చదరపు సెం.మీ. చిల్లర. 9 బార్ రావాలంటే దాని మీద 250 కిలోలకు పైగా బరువు పడాలి. ముగ్గురు పెద్దమనుషులు ఒకేసారి ఎక్కి నిలబడాలన్నమాట.

మనం నిజంగా ఎంత నొక్కుతున్నాం? బాత్రూములో బరువు చూసుకునే మిషనును వంటగట్టు మీద పెట్టి, దాని మీద కప్పు, కప్పు మీద ఏరోప్రెస్ పెట్టి నొక్కాను. మామూలుగా నొక్కితే ముల్లు 12 నుంచి 15 కిలోల మధ్య ఆడింది. మడమలు ఎత్తి ఒళ్ళంతా మోపితే 30. అంటే బాగా కష్టపడితే ఒక బార్, మామూలుగా అయితే అందులో సగం. వాల్వు మూత పెట్టినా మీ చేతి బలం పెరగదు కదా. మూత దారిని ఇరుకు చేస్తుంది, అంతే. తోసేది మీరే.

కాణిపాకం గారు చూసిన నురుగు అబద్ధం కాదు. కానీ అది ఆ ఇరుకు దారిలోంచి కాఫీ వేగంగా చిమ్మినప్పుడు గాలి కలిసి పుట్టే నురుగు. అసలు క్రెమా ఎక్కువ ఒత్తిడిలో గింజలోని కార్బన్ డయాక్సైడు నీళ్ళలో కరిగి, కప్పులోకి రాగానే ఒత్తిడి పోయి, నూనెలతో కలిసి సన్నటి బుడగలుగా బయటపడేది. సోడా మూత తీస్తే పొంగుతుందే, ఆ వరసలోది. ఒక బార్‌తో ఆ పని జరగదు. పరీక్ష చెయ్యాలంటే రెండు నిమిషాలు కప్పు ముట్టుకోకండి. ఏరోప్రెస్ నురుగు పెద్ద బుడగలుగా విచ్చుకుని అంచుల్లోకి పోతుంది.

కాణిపాకం_క్యాపచ్చినో
సోమవారం, రాత్రి 9:48

సార్, మీ లెక్క కరెక్టే కానీ ఏరోప్రెస్ పాత డబ్బా మీద ఎస్‌ప్రెస్సో మేకరని రాసుండేది. కనిపెట్టినాయనకు తెలియదా?

లెక్కలమాష్టారు_చిత్తూరు
సోమవారం, రాత్రి 10:06

రాసి ఉండేది, నిజమే. అలన్ ఆడ్లర్ 2005లో దాన్ని బజారులోకి తెచ్చాడు. అంతకు ముందు ఆయన పేరు మోగింది ఏరోబీ అనే ఎగిరే చక్రంతో. గాలి, ఒత్తిడి ఆయనకు బాగా తెలిసిన సబ్జెక్టే. తక్కువ నీళ్ళతో చిక్కటి షాటు తీసి, అందులో పాలో నీళ్ళో కలుపుకోమన్నది ఆయన ఉద్దేశం. ఆ పద్ధతిని ఎస్‌ప్రెస్సో అన్నాడు. నీళ్ళు కూడా 80 డిగ్రీలు చాలన్నాడు, చేదు తగ్గుతుందని. మాటకు ఆయన ఇచ్చిన అర్థం వేరు, కెఫే మిషను ఇచ్చే అర్థం వేరు.

ఇంకో మాట. ఆ నురుగు ఎస్‌ప్రెస్సోకు కూడా పుట్టుకతో వచ్చింది కాదు. ఇటలీలో బెజ్జెరా అనే ఆయన 1901లో పేటెంటు తీసుకున్న మిషన్లు ఆవిరితో నడిచేవి, ఒత్తిడి బార్‌న్నర చుట్టూ. వాటి కాఫీకి నురుగు లేదు. రెండో ప్రపంచ యుద్ధం తర్వాత గాజియా కంపెనీ లీవరు మిషన్లు (పిడి లాగి ఒత్తిడి పుట్టించేవి) వచ్చాకే క్రెమా కనబడింది. కాబట్టి కుర్రోడు గారు చేసుకునేది పాతకాలపు ఎస్‌ప్రెస్సోకు దగ్గరి చుట్టం అనుకుంటే ఎవరికీ నష్టం లేదు.

మోకా_మామ
సోమవారం, రాత్రి 10:15

మోకా పాట్ ఒత్తిడి కూడా ఒకటి, ఒకటిన్నర బారే. ఊరికే చెప్తున్నా.

బైరాగిపట్టెడ_కుర్రోడు
బుధవారం, సాయంత్రం 5:30

మూత ఇంకా ఆర్డరు పెట్టలేదు. పక్కింటి అన్న దగ్గర ఒకటుంటే రెండు రోజులకు అడిగి తెచ్చుకున్నా. జరిగింది చెప్తా, నవ్వకండి.

పొడి మా ఇంట్లో ఎప్పుడూ తెచ్చుకునే అంగడిదే. పొడి 20 గ్రాములు, నీళ్ళు 60. కలిపితే కాఫీ కాలేదు, రాగి జావ అయింది. నిమిషం ఆగి నొక్కితే కదల్లేదు. ఇంకాస్త బలం పెట్టినా. కదల్లేదు. మాష్టారు చెప్పినట్టు మడమలు ఎత్తి ఒళ్ళంతా మోపినా. గాజు కప్పు పక్కకు జారింది, మూత మెలితిరిగి ఊడింది, జావ మొత్తం గోడ మీదికి. దేవుడి క్యాలెండరు మీద ఏకాదశి గడి దగ్గర ఇప్పటికీ గోధుమ రంగు చుక్కలు ఉండాయి. కప్పు పగిలింది. చెయ్యి కాలలేదు, అది ఆ స్వామి దయ.

అమ్మ ఏమీ అనలేదు. అదే భయంగా ఉండాది.

పీబెర్రీ_పిన్ని
బుధవారం, సాయంత్రం 5:52

అయ్యో. చెయ్యి బాగుంది కదా, అది చాలు.

పొడిలో చికోరీ ఎంత ఉంది? పాకెట్టు మీద చూడు. చికోరీ కలిపితే శాతం రాసి తీరాలి.

బైరాగిపట్టెడ_కుర్రోడు
బుధవారం, సాయంత్రం 5:55

చూసినా పిన్నీ. కాఫీ 60, చికోరీ 40.

పీబెర్రీ_పిన్ని
బుధవారం, సాయంత్రం 6:10

దొరికింది దొంగ. తప్పు అంగడిదీ కాదు, మూతదీ కాదు. అది మన ఫిల్టరు కోసం కలిపిన పొడి.

డబరాగ్లాసు_తాత
బుధవారం, సాయంత్రం 6:40

ఇది నేను చెప్పగలను. చికోరీ అంటే కాఫీ గింజ కాదు, ఒక దుంప వేరు. ఆరబెట్టి, వేయించి, పొడి కొడతారు. నీళ్ళు తగలగానే అందులో చాలా భాగం కరిగిపోయి జిగురవుతుంది. ఫిల్టర్లో ఆ జిగురే మేలు చేస్తుంది, నీళ్ళు దబదబా కారిపోకుండా పట్టి ఉంచి బొట్టు బొట్టుగా వదుల్తుంది, డికాషన్ నల్లగా చిక్కగా వస్తుంది. చికోరీ లేని పొడిని అదే ఫిల్టర్లో వేసి చూడు, పావుగంటలో నీళ్ళు నీళ్ళుగా దిగిపోతుంది. మా ఆవిడ ఉన్నప్పుడు 80కి 20 పట్టించేది. సగం దాటి చికోరీ కలపడానికి చట్టం ఒప్పుకోదు, 49 శాతమే హద్దు.

రాత్రంతా ఓపిగ్గా దిగే పొడిని నువ్వు అర నిమిషంలో తొయ్యాలని చూసినావు. అది తిరగబడింది.

పీబెర్రీ_పిన్ని
బుధవారం, సాయంత్రం 7:05

తాతగారు చెప్పింది నూటికి నూరు పాళ్ళు నిజం. దీనికి చికోరీ లేని గింజలు కావాలి, అవి కూడా వేయించి నెల దాటనివి. వేయించిన తేదీ పాకెట్టు మీద లేకపోతే కొనకు. మరీ నిన్న వేయించినవీ వద్దు, వారం ఆగితే గ్యాసు కాస్త తగ్గి కుదురుగా వస్తాయి.

పొడి ఎంత సన్నగా అంటే, వంటింటి భాషలో చెప్తాను. ఫ్రెంచి ప్రెస్‌కు బొంబాయి రవ్వ. మామూలు ఏరోప్రెస్‌కు సన్న ఉప్పు. నువ్వు చెయ్యబోయేదానికి ఉప్పు కంటే సన్నగా ఉండాలి గానీ శనగపిండి కాకూడదు. వేళ్ళ మధ్య రుద్దితే ముగ్గుపిండిలా గరగర తెలియాలి. మిక్సీలో వెయ్యకు, సగం రవ్వ సగం పిండి అవుతుంది, ఆ పిండే ఫిల్టరును మూసేస్తుంది. మూతల మీద పెట్టే డబ్బులు ముందు ఒక మంచి చేతి గ్రైండరు మీద పెట్టు. నిజం చెప్పాలంటే నా కాఫీ మారింది గ్రైండరు కొన్న రోజున, మూత కొన్న రోజున కాదు.

గాజు కప్పు మీద ఇంకెప్పుడూ నొక్కకు. వెడల్పు మూతి, బరువైన అడుగు ఉండే స్టీలు చెంబు తీసుకో. కదలకపోతే బలం పెంచకు, ఆపి, పైకి లాగి, మళ్ళీ కలుపు.

రేణిగుంట_రన్నర్
బుధవారం, రాత్రి 8:30

మధ్యలో ఒక మాట. స్టీలు ఫిల్టరు అని అందరూ ఎగబడే ముందు, కొలెస్టరాల్ ఉన్నవాళ్ళు జాగ్రత్త. కాఫీ నూనెల్లో కెఫెస్టాల్ అనే పదార్థం ఉంటుంది, చెడు కొలెస్టరాల్‌ను పెంచుతుంది. కాగితం దాన్ని చాలావరకు పట్టేస్తుంది, స్టీలు వదిలేస్తుంది. నాకు పోయినేడు రిపోర్టు చూసి డాక్టరు చెప్పినప్పటి నుంచి కాగితం తప్ప వాడను. రుచి కొంత పోతుంది. రోజుకు ఒక చిన్న కప్పుకు కంగారు పడక్కర్లేదు గానీ, నాలాగా నాలుగు తాగేవాళ్ళు ఆలోచించుకోవాలి.

పాలసముద్రం
బుధవారం, రాత్రి 9:10

అందరూ కాఫీ గురించే మాట్లాడతా ఉండారు, పాల సంగతి ఎవురూ ఎత్తరే. మాది పాల ఇల్లు. మన జిల్లాలో దొరికేది ఎక్కువగా ఆవుపాలే. గేదెపాలంత వెన్న ఉండదు గానీ తియ్యదనం ఉంటాది, నురుగు సన్నగా వస్తాది. పొంగు రాకముందే దించాల. వేలు పెడితే చురుక్కుమనే వేడి, 60, 65 డిగ్రీలు, అంతే. కాగిన పాలు మళ్ళా మళ్ళా కాచి పోస్తే ఏ కాఫీ అయినా మీగడ వాసనే. నురుగు కోసం బ్యాటరీ కవ్వం వద్దు, డబరాలో నుంచి గ్లాసులోకి మూరెడు ఎత్తు నుంచి నాలుగుసార్లు తిరగబొయ్యి. మీ మిషన్ల తాత కూడా అంత నురుగు తేలేడు.

కాణిపాకం_క్యాపచ్చినో
బుధవారం, రాత్రి 9:14

వేడి 65 ఉంటే మూరెడు ఎత్తు పోసేసరికి చల్లారిపోదా?

పాలసముద్రం
బుధవారం, రాత్రి 9:20

చల్లారతాది. అందుకే తిరగబొయ్యాలంటే ఇంకో పది డిగ్రీలు ఎక్కువ కాచుకో. అన్నీ చెప్పాల్నా.

అడ్మిన్_కొండగాలి
గురువారం, ఉదయం 6:50

ఫిల్టర్ కాఫీ గొప్పా ఎస్‌ప్రెస్సో గొప్పా అని రాత్రి పెట్టిన పదకొండు పోస్టులు తీసి వేరే దారంలోకి మార్చాను. ఏ హోటల్లో కాఫీ బాగాలేదో పేరు పెట్టి తిట్టిన పోస్టు ఒకటి తొలగించాను. ఇక్కడ ఏరోప్రెస్, మూతలు, ఫిల్టర్లు మాత్రమే.

బైరాగిపట్టెడ_కుర్రోడు
ఆదివారం, సాయంత్రం 6:15

మూడు రోజులు మాయమైనందుకు సారీ. ఇప్పుడు పూర్తి రిపోర్టు.

పిన్ని మాట విని మూత పక్కన పెట్టి ముందు చేతి గ్రైండరు తెప్పించినా. గింజలు రెండు రకాలు తెచ్చుకున్నా, అరకు అరబికా మీడియం రోస్టు ఒకటి, చిక్కమగళూరు వైపు నుంచి వచ్చిన డార్క్ రోస్టు ఒకటి, అందులో రొబస్టా అనే ఇంకో రకం గింజ 30 శాతం. రెండిట్లోనూ చికోరీ లేదు.

గురువారం అరకుతో మొదలుపెట్టినా. పొడి 18 గ్రాములు, నీళ్ళు 60 మి.లీ., కెటిల్ ఆపి నిమిషం ఆగి పోసినా. పది సెకన్లు గట్టిగా కలిపి, 40 సెకన్లు ఆగి, నొక్కితే మెత్తగా దిగింది. కప్పులోకి వచ్చింది 40 మి.లీ. లోపు. తాగితే పులుపు, చింతకాయ కొరికినట్టు. అరకు గింజ తప్పు కాదని ఇప్పుడు తెలుసు, ఆ పూట అదే తప్పనుకున్నా. రెండోసారి మరిగే నీళ్ళనే ఆగకుండా పోసి, గ్రైండరు మర రెండు క్లిక్కులు బిగించి పొడి ఇంకా సన్నగా చేసి, నిమిషంన్నర నానబెడితే పులుపు తగ్గి నారింజ తొక్క లాంటి వాసన వచ్చింది. ఒట్టిగా తాగడానికి అది బాగుంది. పాలు పోస్తే మాత్రం ఎక్కడికో పారిపోయింది.

శుక్రవారం డార్క్ రోస్టు. అదే మరిగే నీళ్ళు పోస్తే చేదు, కాలిన వాసన. నీళ్ళు 85కు దించినా, నానబెట్టడం ముప్పై సెకన్లకు దించినా. ఇక్కడ కుదిరింది. స్టీలు ఫిల్టరు, దాని కింద తడి కాగితం, అన్నిటికీ కింద వాల్వు మూత. చెంబు మీద పెట్టి 25 సెకన్ల పాటు ఒకే బలంతో నొక్కినా. చివర్లో బుస్సుమంటా చిమ్ముతుంది, అక్కడ ఆపెయ్యాల, లేకపోతే చొక్కా మీద పడుతుంది (పడింది). చెంబులో తేనె రంగు నురుగు, రొబస్టా ఉన్నందుకేమో అరకు కంటే ఎక్కువ. మాష్టారు చెప్పినట్టు గడియారం పెట్టి చూసినా. రెండు నిమిషాలు నిలబడలేదు, నిమిషం పది సెకన్లకే మధ్యలో నల్లమచ్చ వచ్చేసింది.

కానీ రుచి ఉండాది కదా! ఆఫీసు మిషనుది కాదు, ఆ పట్టు, ఆ జిడ్డుతనం లేదు. అయినా డికాషన్ కంటే గట్టిగా, నాలిక మీద నిలబడేలా ఉంది. దాంట్లో 80 మి.లీ. పాలు పోసుకుంటే నాకు కావలసింది అదే. పాలసముద్రం అన్న చెప్పినట్టు తిరగబోసినా.

శనివారం ఇంకో పని చేసినా. అదే పొడి, అదే నీళ్ళు, మామూలు మూతతో, కాగితాలు రెండు వేసి. నీళ్ళు పోసిన వెంటనే పై గొట్టాన్ని కాస్త దోపి కొద్దిగా పైకి లాగితే, లోపల గాలి పట్టేసి కారడం చాలావరకు ఆగిపోతుంది. ఏడెనిమిది మి.లీ. ముందే కారింది, అంతే. నురుగు లేదు. కళ్ళు మూసుకుని రెండూ తాగితే పాలు పోసినాక తేడా కనుక్కోలేకపోయినా. పాలు లేకుండా అయితే స్టీలు ఫిల్టరుది బరువుగా తెలుస్తుంది. ఇది చదివి కాణిపాకం అన్నకు కోపం రావచ్చు.

కాణిపాకం_క్యాపచ్చినో
ఆదివారం, సాయంత్రం 6:31

కోపం లేదు తమ్ముడూ. నురుగు ఫొటో పెట్టు.

లెక్కలమాష్టారు_చిత్తూరు
ఆదివారం, సాయంత్రం 7:00

నిమిషం పది సెకన్లు! నా దగ్గర 50 సెకన్లే. గింజలు తాజాగా ఉన్నాయి.

పులుపు విషయం ఒకటి. ఏ నీళ్ళు వాడారు? మా ఇంట్లో ఆర్వో నీళ్ళతో చేస్తే చప్పగా, పుల్లగా వస్తుంది. మీటరు పెడితే టీడీఎస్, అంటే నీళ్ళలో కరిగిన లవణాల లెక్క, 30 కూడా లేదు. బోరు నీళ్ళతో అయితే 700 దాటింది, కాఫీలో సుద్ద రుచి. కాఫీ మంచిగా దిగాలంటే కొంత లవణం కావాలి, 150 దరిదాపుల్లో ఉంటే సుఖం. నేను ఆర్వో నీళ్ళు నాలుగు గ్లాసులకు బోరు నీళ్ళు ఒక గ్లాసు కాచి కలుపుతాను.

బైరాగిపట్టెడ_కుర్రోడు
ఆదివారం, సాయంత్రం 7:08

ఆర్వో నీళ్ళే సార్. ఇది తట్టలేదు. రేపు కలిపి చూస్తా.

పీబెర్రీ_పిన్ని
ఆదివారం, సాయంత్రం 7:25

మా మదనపల్లెలో నీళ్ళు 98 దగ్గరే మరుగుతాయి, ఎత్తు 700 మీటర్ల దాకా ఉంది కదా. హార్స్‌లీ హిల్స్ ఎక్కితే ఇంకా తక్కువ, 96. అక్కడికి పోతే ఏరోప్రెస్ సంచిలో వేసుకుంటాను, లైట్ రోస్టుకు మరిగే నీళ్ళు పోసినా భయం లేదు. తిరుపతిలో మీకు దాదాపు నూరే.

ఇంతకీ అమ్మ ఏమన్నది?

బైరాగిపట్టెడ_కుర్రోడు
ఆదివారం, సాయంత్రం 7:40

ఈరోజు చేసి ఇచ్చినా పిన్నీ. డబరాలో పోసి, చక్కెర వేసి, ఒక గుక్క తాగి, "బాగుండాది, మరి మీ నాయనకేదీ?" అనింది. నాయనకు చేసేసరికి చెల్లి వచ్చింది. చెల్లికి చేసేసరికి అమ్మ గ్లాసు ఖాళీ. ఒక్కొక్క కప్పుకూ గింజలు తిప్పి, నీళ్ళు కాచి, నొక్కి, కడిగి... నలుగురికి ముప్పావు గంట పట్టింది. చెయ్యి నొప్పి. పొద్దున పూట ఫిల్టరు జోలికి పోకూడదని తేలిపోయింది. సాయంత్రం నాలుగింటిది మాత్రం నాది.

పక్కింటి అన్న మూత తిరిగిచ్చేసినా. కొనాలా వద్దా అని ఇంకా ఊగుతా ఉండా. రెండు కాగితాలతో నడుస్తుంది కదా అని ఒకపక్క, ఆ బుస్సు శబ్దం కావాలని ఇంకోపక్క.

డబరాగ్లాసు_తాత
ఆదివారం, రాత్రి 8:15

ఒక మాట అడగాల. మా మనవడు రెండేళ్ళ కింద ఇట్లాంటిదే ఒకటి తెచ్చి పెట్టి, హైదరాబాదు పోయినాడు. అటక మీద ఉండాది. పోయిన దసరాకు దుమ్ము దులిపేటప్పుడు చూసినా, తోసే గొట్టం చివర రబ్బరు ముక్క లోపలే అతుక్కునిపోయింది. పనికొస్తుందా?

పీబెర్రీ_పిన్ని
ఆదివారం, రాత్రి 8:22

వస్తుంది తాతగారూ. వేడి నీళ్ళలో కాసేపు నానబెట్టి మెల్లగా తిప్పుతూ లాగించండి. రబ్బరు వదులైతే అదొక్కటే విడిగా దొరుకుతుంది. ఇకమీదట గొట్టాన్ని పూర్తిగా చివరిదాకా తోసేసి పెట్టండి, లేదా విడదీసి పెట్టండి. సగంలో వదిలేస్తే రబ్బరు నలిగి ఆకారం పోతుంది. మీ 80కి 20 పొడి మాత్రం అందులో వెయ్యకండి.

డబరాగ్లాసు_తాత
ఆదివారం, రాత్రి 8:40

వెయ్యనులే. క్యాలెండరు మా ఇంట్లో కూడా ఆ గోడకే ఉండాది. నిచ్చెన ఎక్కేవాడు ఎవుడైనా వస్తే దించిస్తా.